నిలబడటమే వృత్తిగా గల మా బావమరిది

ఆగస్టు పదకొండో తేదీ, మంగళవారం. కురవాలా మానాలా అని తెల్లవారినప్పటి నుంచి తర్జనభర్జన పడుతున్న మబ్బు ఒకటి మా వీధి మీద తిష్ఠ వేసుకుని ఉంది. గొడుగు తెరిస్తే ఆగిపోయి, మూస్తే మొదలయ్యే జాతి తుంపర. పది గంటల ఐదు నిమిషాలకు కళాభవనం నుంచి మా ఇంటికి ఫోను వచ్చింది. మా బావమరిది కనిపించటం లేదట. ఈ వార్తలోని వింత మీకు బోధపడాలంటే, ముందుగా అతని లక్షణం ఒక్కటి చెప్పాలి. మా బావమరిది నిలబడతాడు. అంతే. ఇరవై ఏళ్ళుగా అతను చేస్తున్నది అదొక్కటే. కదలకపోవటమే వృత్తిగా గల మనిషి కనిపించకుండా పోవటమంటే, మా గోడగడియారం బజారుకు వెళ్ళి ఇంకా రాలేదని చెప్పినట్టే.

అతని చిరునామా కార్డు మీద ‘ప్రయోగాత్మక ప్రదర్శన, దృశ్య కళాకారుడు’ అని ఉంటుంది. ఊళ్ళోవాళ్ళకు అంత తీరిక లేదు కనుక ‘స్తంభం’ అంటారు. భాషాబోధకుడిగా నేను ఈ పేరును సమర్థించలేను. స్తంభం దేనినో ఒకదానిని మోస్తుంది, ఇతను ఏమీ మోయడు కదా అని నా వాదం. పైగా ‘నిలబడు’ అనే క్రియలో ‘పడు’ ఎందుకు చేరిందన్నది నేను ముప్ఫై నాలుగేళ్ళ ఉద్యోగంలో తేల్చుకోలేకపోయిన విషయం. దానిమీద ఒక వ్యాసం కూడా రాశాను. అచ్చు కాలేదు. సరే, అది వేరే సంగతి.

ఈ వృత్తి వల్ల ఎక్కువ అవస్థ పడినది మా ఆవిడ. అక్క కదా! పెళ్ళిళ్ళలో, పేరంటాల్లో ఆమెకు తప్పని ప్రశ్న ఒకటుండేది.

“మీ తమ్ముడేం చేస్తాడండీ?”

“నిలబడతాడు.”

“అబ్బో, ఏ పార్టీ తరఫున?”

“ఏ పార్టీ లేదు.”

“స్వతంత్రంగానా! గెలుస్తాడంటారా?”

మా మామగారి బాధ ఇంకోరకం. “వాడి కాళ్ళ మీద వాణ్ణి నిలబడమని చెప్పినవాణ్ణి నేనేనయ్యా,” అని నా చేతులు పట్టుకుని వాపోయారు ఒకసారి. “ఇంత శ్రద్ధగా వింటాడని కలగన్నానా?”

అతని తొలి ప్రదర్శన పార్కు పక్కనున్న పొడవాటి గోడ దగ్గర జరిగింది. గోడకు మూరెడు దూరంలో, గోడకేసి చూస్తూ, ఉదయం ఏడింటికి నిలబడ్డాడు. ఏడుంబావుకు అతని వెనక ఒకాయన నిలబడ్డాడు. ఆయన వెనక సంచీ పట్టుకుని ఒకావిడ. ఎనిమిదయ్యేసరికి వరుస పార్కు గేటు దాటింది. నేను గొడుగు పుచ్చుకుని అటు వెళ్ళి, చివరి వ్యక్తిని అడిగాను.

“ఏమిస్తున్నారండీ ఇక్కడ?”

“తెలీదు మాస్టారూ. ముందాయన్ని అడగండి.”

ముందాయన తన ముందాయన్ని చూపించాడు. అలా నలభై ముగ్గురిని దాటి మా బావమరిది దగ్గరకు చేరాను. అతను ప్రదర్శన మధ్యలో మాట్లాడడు. వెనకనున్నాయన నా మోచెయ్యి పట్టుకున్నాడు.

“ఏవండీ, చూస్తే పెద్దమనుషుల్లా ఉన్నారు. మధ్యలో దూరతారేం?”

“ఇతను మా బావమరిదండీ.”

“అయితే? చుట్టరికాలు ఇంట్లో చూసుకోండి. వెనక్కి పదండి.”

వెళ్ళి నలభై నాలుగోవాడిగా నిలబడ్డాను. మరేం చెయ్యను? ఇంతమంది ఒకచోట నిలబడ్డారంటే ఏదో ఉండే ఉంటుందని నాకూ అనిపించింది.

ఇంట్లో సాధన చేసే రోజులు ఇంకా విచిత్రంగా ఉండేవి. మా ముందుగదిలో కిటికీ పక్కన నిలబడేవాడు. మా ఆవిడ మొదటి వారం కన్నీళ్ళు పెట్టుకుంది, రెండో వారం అలవాటు పడింది, మూడో వారం తడి తువ్వాలు అతని భుజం మీద ఆరేసింది. సిలిండరు తెచ్చినతను సంతకం కోసం పుస్తకం అతని ముందు చాచి ఐదు నిమిషాలు వేచి చూసి, “సారుకి కోపమొచ్చినట్టుంది, రేపొస్తా,” అని సిలిండరు తిరిగి మోసుకుపోయాడు.

అతనికి ఒక విమర్శకుడు కూడా ఉండేవాడు. పత్రికలో కళల పేజీ ఆయనదే. ఏ చిత్రాన్నయినా ముక్కు ఆనించి, భూతద్దం పెట్టి చూసేవాడు. అది శ్రద్ధ అనుకునేవాళ్ళం. మా బావమరిది విద్యుత్ కార్యాలయం ముందు నాలుగు గంటలు నిలబడిన రోజున, పదింటికి ఒక్క అడుగు ముందుకు వేశాడు. ఆ అడుగు మీద విమర్శకుడు పదకొండు పేజీలు రాశాడు. ‘నిశ్చలత తనను తాను ధిక్కరించుకున్న క్షణం’ అన్నాడు. ఆ వాక్యంలో దోషం లేదు. అర్థం కూడా లేదు. కాసేపటికి పాలు పోసే ముసలావిడ ఒకామె వచ్చి, మా బావమరిది భుజం తట్టి, అతను తప్పుకోగానే ఆ చోటులో తాను నిలబడింది. తొలిదాని తర్వాత అతని ప్రదర్శనలన్నీ ఇలాగే ముగిసేవి. ఎవరో ఒక వృద్ధురాలో, వృద్ధుడో రావటం, భుజం తట్టటం, ఇతను మౌనంగా వెళ్ళిపోవటం.

“అది మృత్యుస్పర్శ, మాస్టారూ,” అన్నాడు విమర్శకుడు నాతో, గొంతు తగ్గించి. “వార్ధక్యం వచ్చి యౌవనాన్ని తట్టి లేపుతోంది. ఈ వృద్ధుల్ని ఏ నాటక సమాజం నుంచి తెస్తాడో గాని, ఎంత సహజంగా నటిస్తారు!”

ఇక అతని దృశ్యకళ. నిలబడే ప్రతి చోటా కాళ్ళకింద ఒక మందపాటి కాగితం పరిచేవాడు. అరికాళ్ళకు నీలిరంగు. ప్రదర్శన అయ్యాక కాగితం మీద రెండు పాదాలు మిగిలేవి. అలాంటివి రెండువందల పైచిలుకు మా ఇంట్లోనే ఉండేవి. మా ఆవిడ కొన్నింటిని వంటింటి అలమరలో పరిచింది కనుక, పప్పుడబ్బా తీసినప్పుడల్లా ఎవరో డబ్బా మీద నుంచి దిగి వెళ్ళినట్టు కనిపించేది. విమర్శకుడు వాటిని భూతద్దంతో పరిశీలించి, ‘ఎదురెదురు తీరాలకు సాగుతున్న రెండు నావలు’ అని రాశాడు. పాదాలు నావలెప్పుడయ్యాయో నాకు తెలియలేదు. కళ అనుకుని ఊరుకున్నాను.

నాకు ఆ కాగితాల మీద ఒక్క అభ్యంతరం ఉండేది. మూలన పెన్సిలుతో ఏవో పొడి పొడి మాటలు. ‘పాలావిడ. కరెంటు.’ ‘లెక్కల పంతులమ్మ. మోకాలు.’ ‘మూడో ఇంటి తాతగారు. గ్యాసు.’

“ఇదేం రాతయ్యా?” అని నిలదీశాను ఒకసారి. “నామవాచకాలు గుమ్మరించి వదిలేశావు. క్రియ ఏది?”

“ఉంది బావగారూ.”

“ఎక్కడ?”

“మీరు దాని మీద టీ గ్లాసు పెట్టారు,” అన్నాడు.

గ్లాసు ఎత్తి చూశాను. కింద పాదం ఉంది. ఎగతాళి చేస్తున్నాడని కోపగించుకున్నాను.

ఇక్కడ బొత్తాల తాతను పరిచయం చేయాలి. మా వీధి చివర దర్జీ. డెబ్బై ఏళ్ళు. బొత్తాలు కుట్టటంలో ఆయనకు సాటి లేరని పేరు. గుడ్డ చిరిగినా బొత్తం ఊడేది కాదు. కాని రెండేళ్ళుగా నా చొక్కాలకు బొత్తాలు కాజాలకు అంగుళం పక్కన కుడుతున్నాడు. చొక్కా తొడుక్కుంటే నా ఎడమభుజం పైకి లేచేది. బజారులో పాతశిష్యులు ఎదురై, “మాస్టారికి ఏదో సందేహం వచ్చినట్టుందే,” అనుకునేవారు. చెబితే ముసలాయన నొచ్చుకుంటాడని నేను భుజం ఎత్తుకునే తిరిగేవాణ్ణి.

ఇలా ఉండగా కళాభవనం నుంచి ఉత్తరం వచ్చింది. పెద్ద సంస్థ. దాని అధ్యక్షురాలు నవ్వగా చూసినవారు లేరని ప్రతీతి. ఆగస్టు పదకొండున, ఉదయం పదింటి నుంచి సాయంత్రం ఐదింటి దాకా, ప్రధాన మందిరంలో ఎంపిక సంఘం ఎదుట కదలకుండా నిలబడితే, మా బావమరిదిని భవనపు ఆస్థాన కళాకారుడిగా తీసుకుంటారు. సొంత గది, సొంత మందిరం, గుమ్మం మీద పేరు. మళ్ళీ అవకాశం ఇవ్వరు. నిబంధనల్లోనే రాశారు. మా ఆవిడ ఆ ఉత్తరాన్ని నాలుగుసార్లు చదివించుకుంది.

“ఏమండీ, ఇక ఎవరైనా అడిగితే ‘కళాభవనంలో ఉంటాడు’ అని చెప్పచ్చు కదూ?”

“నిక్షేపంగా చెప్పవచ్చు.”

“నిలబడతాడని చెప్పక్కర్లేదు కదూ?”

“అక్కర్లేదు.”

ఆమె ఆ రోజు తమ్ముడి చొక్కా స్వయంగా ఇస్త్రీ చేసింది. ఇరవై ఏళ్ళ జవాబు మారబోతోంది మరి!

అటువంటి రోజున, పది దాటి ఐదు నిమిషాలకు, ఆ ఫోను. ఎంపిక సంఘం నలుగురూ కుర్చీల్లో కూర్చుని ఖాళీ నేలను చూస్తున్నారట. వారిలో ఒకడైన విమర్శకుడు మాత్రం, “ఆగండి, ఇదే ప్రదర్శన కావచ్చు,” అని ఐదు నిమిషాలు అందరినీ ఆపాడట.

మా ఆవిడ తమ్ముడి గదిలోకి పరుగెత్తింది. బల్ల మీద ఒక కొత్త కాగితం, పాదాలు పడనిది, మరిచిపోయినట్టున్నాడు. మూలన పెన్సిలు రాత ఉంది. ‘పెద్దాసుపత్రి. బొత్తాల తాత. కళ్ళు. పదకొండో తేదీ, ఉదయం.’

ఆ కాగితాన్ని చేతిలో పెట్టుకుని ఆమె నన్ను చూసింది. నేను గుమ్మంలోంచి వంటింటి అలమరలోని పప్పుడబ్బా వైపు చూశాను. పాలావిడ, కరెంటు. పంతులమ్మ, మోకాలు. ముప్ఫై నాలుగేళ్ళు పిల్లలకు పాఠాలు బోధించినవాడికి ఒక్కోసారి ఒక వాక్యం అర్థం కావటానికి ఇరవై ఏళ్ళు పడుతుంది.

“ఏమండీ, నిలబడి ఆలోచిస్తారేం? వెళ్ళండి!”

వెళ్ళాను. కంటి విభాగం ముందు వరుస ఆసుపత్రి ప్రహరీ చుట్టూ తిరిగి మళ్ళీ గేటుకే వచ్చింది. దూరప్రాంతం నుంచి పెద్ద కంటివైద్యుడు ఏడాదికి రెండుసార్లు వస్తాడు. వరుసలో మొదటి ముప్ఫై మందికే శస్త్రచికిత్స చీటీలు. మిగిలినవారు ఆరు నెలలు ఆగాలి. మా బావమరిది ముప్ఫయ్యోవాడు. సరిగ్గా ఆఖరి చీటీ. ఉదయం ఐదింటి నుంచి నిలబడి ఉన్నాడు.

“ఏమయ్యా, నీకు మతి ఉందా?” అన్నాను. “అక్కడ నలుగురు పెద్దలు ఖాళీ నేలను చూస్తున్నారు!”

“కిటికీ ఎనిమిదింటికే తీస్తారనుకున్నాను బావగారూ. చీటీ తీసుకుని తొమ్మిదిన్నరకల్లా భవనంలో ఉండేవాణ్ణి. డాక్టరుగారి బండి దారిలో చెడిపోయిందట. పన్నెండు దాటుతుంది.”

“ఆ తాత ఎక్కడ?”

“అదుగో, చెట్టుకింద బెంచీ మీద. పావుగంట నిలబడితే ఆయన కాళ్ళు బుస్సున పొంగుతాయి. ఈసారి తప్పితే ఆరు నెలలు. ఆరు నెలల తర్వాత సూదిలో దారం ఎక్కించటానికి చూపు మిగలదన్నారు.”

“సరే, నువ్వు వెళ్ళు. నీ చోట నేను నిలబడతాను.”

“మీ మోకాళ్ళతోనా?”

“ఏం, ముప్ఫై నాలుగేళ్ళు నిలబడి పాఠం చెప్పినవాణ్ణి!”

“కూర్చుని చెప్పారు బావగారూ. నేను మీ క్లాసులో ఉన్నాను. నిలబడింది నేను.”

నిజమే. ఇది మీకు చెప్పటం మరిచాను. అతని అక్కను పెళ్ళి చేసుకోవటానికి పూర్వం అతనికి పాఠం చెప్పినవాణ్ణి నేనే. పద్యం అప్పజెప్పలేదని అతణ్ణి ఎన్నిసార్లు బెంచీ ఎక్కించానో నాకే లెక్క లేదు. అయినా పౌరుషం వచ్చి నిలబడ్డాను. ఏడు నిమిషాలకు కుడిమోకాలు, తొమ్మిది నిమిషాలకు ఎడమమోకాలు తమ అభిప్రాయాలు తెలియజేశాయి. వెనకనున్నామె నన్ను మెల్లగా పక్కకు తప్పించింది.

“మీరు కూర్చోండి సార్. స్తంభం గారినే నిలబడనివ్వండి. మా అమ్మ మోకాలి ఆపరేషనుకి కూడా ఆయనే నిలబడ్డారు.”

“మా నాన్న పింఛనుకి!” అన్నాడు ఆమె వెనకాయన.

“మా గ్యాసుకి!” అని ప్రహరీ మలుపు అవతల నుంచి ఒక కేక.

అప్పుడే కళాభవనం బండి వచ్చి ఆగింది. ఎంపిక సంఘం దిగింది. మా ఆవిడ ఫోనులో జాడ చెప్పేసిందన్నమాట. అధ్యక్షురాలు గబగబా ముందుకు వచ్చేసరికి వరుస మొత్తం ఒక్కసారి గర్జించింది.

“వెనక్కి! లైన్లో రండి!”

“నేను కళాభవనం అధ్యక్షురాలిని!”

“అయితే కళ్ళు బాగానే ఉన్నాయిగా? వెనక్కి పదండి!”

నలుగురూ వెళ్ళి వరుస చివర నిలబడవలసి వచ్చింది. అక్కడి నుంచి ఆమె, తుంపరలో గొంతు చించుకుని అడిగింది.

“ఏవండీ! ఇది ప్రదర్శనేనా?”

మా బావమరిది తల తిప్పాడు. అబద్ధం ఒక్కటి ఆడితే మందిరం అతనిది. ‘అవును’ అంటే చాలు. నేను కళ్ళతోనే బతిమాలాను.

“కాదండీ,” అన్నాడు. “ఉత్తినే నిలబడ్డాను.”

“ఉత్తినే నిలబడ్డాడు! ఆహా! రాసుకోండి, రాసుకోండి!” అని విమర్శకుడు ఊగిపోయాడు.

పన్నెండున్నరకు కిటికీ తెరుచుకుంది. వరుస కదిలింది. ఒక్కో అడుగూ ముందుకు. మా బావమరిది ఇరవైతొమ్మిది అడుగులు వేశాడు. కిటికీ ముందుకు చేరేసరికి బొత్తాల తాత కర్ర తాటించుకుంటూ వచ్చి, తడుముకుని తడుముకుని అతని భుజం తట్టాడు.

“వచ్చానురా నాయనా. ఇక నువ్వు పో.”

“మృత్యుస్పర్శ!” అని విమర్శకుడు వెనక నుంచి కేక పెట్టాడు.

“ఎవడ్రా అది, మంచిపనికి వెళ్తుంటే అపశకునాలు?” అన్నాడు తాత. ముప్ఫయ్యో చీటీ ఆయన చేతిలో పడింది.

చీటీలు అయిపోయినా, వరుసలో ఉన్నవారి కళ్ళన్నీ పరీక్షించి పంపాలని ఆసుపత్రి నియమమట. ఎంపిక సంఘం సాయంత్రం నాలుగింటికి కిటికీ చేరింది. మిగిలిన ముగ్గురివీ బాగానే ఉన్నాయి. విమర్శకుడి కళ్ళలోకి దీపం వేసి చూసిన నర్సమ్మ నిర్ఘాంతపోయింది.

“ఏవండీ, రెండు కళ్ళలోనూ శుక్లాలు. ముదిరిపోయాయి. ఎన్నేళ్ళుగా ఇలా ఉంది? మీరేం పని చేస్తారు?”

ఆయన ఏం పని చేస్తాడో చెప్పటానికి ఇష్టపడలేదు.

అధ్యక్షురాలు నియమం తప్పే మనిషి కాదు. అదే రోజు తీర్పు చెప్పింది. “మీరు ఇరవైతొమ్మిది అడుగులు కదిలారు. నేను లెక్కపెట్టాను. క్షమించాలి.” చెబుతున్నప్పుడు చెప్పులు చేత్తో పట్టుకుని ఉంది. కాళ్ళు నొప్పులట. మా బావమరిది ఆమెకు నమస్కరించి, తాత కూర్చున్న బెంచీ మీద చోటు చూపించాడు. ఆమె కూర్చుంది. ఆమె నవ్వగా నేను చూడటం అదే మొదలు. అదే ఆఖరు కూడాను.

మా ఆవిడ మూడు రోజులు తమ్ముడితో మాట్లాడలేదు. నాలుగో రోజున పాలావిడ వచ్చి గుమ్మంలో నిలబడి, “మీ తమ్ముడేం చేస్తాడమ్మా ఇప్పుడు?” అని అడిగింది.

“నిలబడతాడు,” అంది మా ఆవిడ. తల ఎత్తి అంది. గదిలో ఉన్న నాకు కూడా వినపడేటంత గట్టిగా అంది.

తాతకు చూపు వచ్చింది. వచ్చిన వారంలోనే నా చొక్కాలన్నీ తెప్పించుకుని చూసి, “ఎవడయ్యా ఈ చండాలపు బొత్తాలు కుట్టింది?” అని మండిపడ్డాడు. తెలియదన్నాను. అన్నీ ఊడదీసి మళ్ళీ కుట్టాడు. ఇప్పుడు భుజాలు సమంగా ఉన్నాయి గాని, నాకేదో సందేహం తీరిపోయినట్టు వెలితిగా ఉంటుంది.

విమర్శకుడి వంతు ఆరు నెలలకు వచ్చింది. అప్పుడు కూడా వరుసలో నిలబడినది ఎవరో చెప్పనక్కర్లేదు. కట్లు విప్పాక మా ఇంటికి వచ్చి, నీలిరంగు కాగితాలను మొదటిసారి చేతి దూరంలో పెట్టి చూశాడు.

“మాస్టారూ,” అన్నాడు, “ఇవి పాదాలా?”

ఆ వారం ఆయన రాసిన వ్యాసం ఆయన జీవితంలోకెల్లా చిన్నది. మూలన ఉన్న పెన్సిలు మాటలు ఉన్నవి ఉన్నట్టుగా, రెండువందల పైచిలుకూ, వరుసగా అచ్చు వేయించాడు. చివర తన సంతకం. వ్యాఖ్య లేదు. ఒక్క దోషమూ కనిపించలేదు నాకు. అది చూసి ఎక్కడో దూరనగరంలోని కళాశాలవారు మా బావమరిదిని పాఠం చెప్పటానికి పిలిచారు. అతను రైలులో కూడా నిలబడే వెళ్ళాడు. ఎవరో బామ్మగారికి సీటు ఇచ్చి ఉంటాడు.

ఏడేళ్ళ తర్వాత, మొన్న వచ్చిన అతని ఉత్తరాన్ని ఉన్నది ఉన్నట్టుగా కింద ఇస్తున్నాను. రెండుచోట్ల కామాలు మాత్రం నేను చేర్చాను.

‘పూజ్యులైన బావగారికి, అక్కకు నమస్కారాలు.

ఇక్కడ అంతా క్షేమం. ఈ ఏడు విద్యార్థులు పదకొండుమంది. మొదటి ఏడాది ఎలా నిలబడాలో చెబుతాను, రెండో ఏడాది ఎవరి కోసమో చెబుతాను. కొందరు మొదటి ఏడాదిలోనే కూర్చుంటున్నారు. ఏమీ అనను.

నీకు గురువెవరని ఇక్కడివాళ్ళు అడుగుతూ ఉంటారు. మీ పేరు చెబుతున్నాను. మీ క్లాసులో మొదటిరోజు జ్ఞాపకం ఉందా? ఆ పద్యం నాకు రాదు. మిగిలిన నలభైమందికీ రాదు. మీరు నన్ను బెంచీ ఎక్కించాక మీ కోపం తీరిపోయింది, ఇంక ఎవర్నీ అడగలేదు. గంట కొట్టేదాకా వాళ్ళంతా హాయిగా కూర్చున్నారు. పైనుంచి చూస్తే బాగుంది. ఒకడు నిలబడితే నలభైమంది కూర్చోవచ్చని అప్పుడు తెలిసింది. ఆ తర్వాత నాకు పద్యాలు వచ్చినా అప్పజెప్పలేదు. ఈ సంగతి మీకు ఇన్నాళ్ళూ చెప్పనందుకు మన్నించండి.

అక్క రాసింది. ఇరవై ఆరో తేదీన పింఛను కార్యాలయానికి వెళ్ళి మీరు బతికే ఉన్నారని స్వయంగా చూపించుకోవాలట కదా. మీ మోకాళ్ళ సంగతి నాకు తెలుసు. తొమ్మిదింబావు దాకా ఇల్లు కదలకండి. వరుసలో నాలుగోచోట పసుపు శాలువా కప్పుకుని ఒకావిడ ఉంటుంది. నా శిష్యురాలే, వయసులో మీకంటే రెండేళ్ళు పెద్ద. వెళ్ళి భుజం తట్టండి, చాలు. ప్రదర్శనలో ఉంటుంది కనుక మాట్లాడించకండి.

ముఖ్యంగా, మీ అలవాటు కొద్దీ ఆవిణ్ణి పద్యం అడగకండి. రాదు. రాకపోయినా మీరు చేయగలిగింది ఏమీ లేదు, పాపం అప్పటికే నిలబడి ఉంటుంది.’